డ్రైవరుకు బెయిలొచ్చింది, ట్రాక్టరుకు రాలేదు

అరణ్య భవన్, హైదరాబాద్‌లోని ప్రధాన ముఖ్య అటవీ సంరక్షణాధికారి గారికి,
జిల్లాల్లో జప్తు కేసులు వినే అటవీ అధికారులందరికీ,

నమస్కారం.

మాది ఉమ్మడి ఆదిలాబాద్ జిల్లాలో కవ్వాల్ అడవి అంచున ఉన్న ఊరు. ఏడెకరాల పత్తి, రెండెకరాల వరి, మా అమ్మ పేరు మీద ఒక ట్రాక్టరు. ఆ ట్రాక్టరు ఇప్పుడు మా ఇంటి ముందు లేదు. మీ రేంజి ఆఫీసు ఒకదాని ఆవరణలో వేపచెట్టు కింద 14 నెలలుగా నిలబడి ఉంది. ఏ ఆఫీసో, ఏ అధికారో ఇక్కడ రాయను. అప్పటి సారు బదిలీ మీద వెళ్లిపోయారు. వారి కుర్చీలోకి వచ్చిన సారు "నేను కొత్తగా వచ్చాను, ఫైలు చూడాలి" అన్నారు. ఆ మాట అని కూడా నాలుగు నెలలు దాటింది.

జరిగింది దాచకుండా చెప్తాను. నిరుడు ఫిబ్రవరిలో, పత్తి కట్టె పీకి చేన్లు చదును చేసుకునే రోజుల్లో, మా డ్రైవరు పక్క ఊరికి కట్టె తోలడానికి కిరాయికి పోయాడు. తెల్లవారుజామున మూడింటికి ఫోన్ వచ్చింది. ట్రాలీలో పత్తి కట్టె కింద నాలుగు టేకు దుంగలు దొరికాయి. కలప మీద అటవీ శాఖ కొట్టే సుత్తి ముద్ర లేదు, పర్మిట్ లేదు. ఎవరి మాట విని ఎక్కించాడో, ఎంతకు ఒప్పుకున్నాడో వాడు ఇప్పటికీ మాకు పూర్తిగా చెప్పలేదు. తప్పు జరిగింది, కాదనను. ఆ రాత్రి ట్రాక్టరు ఆపిన బీట్ ఆఫీసర్ ఒక్కడే ఉన్నాడట, చేతిలో టార్చిలైటు తప్ప ఇంకేం లేదట. అయినా బండికి అడ్డంగా నిలబడ్డాడు. ఆ పిల్లవాడి ధైర్యానికి దండం పెడతాను.

డ్రైవరు మీద కేసు పెట్టారు, మేజిస్ట్రేటు ముందు హాజరుపరిచారు, కొన్ని రోజులకు బెయిల్ వచ్చింది. మొన్న సంక్రాంతి ముందు వాడు వేరేవాళ్ల ట్రాక్టరు నడుపుకుంటూ మా వాడకట్టులోంచే పోతుంటే మా అమ్మ గడపలో నిలబడి చూసింది. వాణ్ణి ఏమీ అనలేదు. లోపలికొచ్చి, "పిలగానికి బెయిలొచ్చింది గని బండికి రాకపాయె" అంది. నాకు ఈ లేఖ రాయాలని అప్పుడే అనిపించింది.

చట్టం గురించి నాకు తెలిసిందంతా మా వకీలు గారు చెప్పింది, ఆయన ఇచ్చిన జిరాక్సు కాగితాలు రాత్రుళ్లు కూర్చుని చదివింది. పొరపాటుంటే దిద్దండి. మన రాష్ట్రంలో 1967 అటవీ చట్టం నడుస్తోంది. అందులో 44వ సెక్షన్ ప్రకారం అటవీ నేరం జరిగిందని నమ్మే కారణం ఉంటే కలపతో పాటు పనిముట్లు, తాళ్లు, గొలుసులు, పడవలు, బండ్లు, పశువులు అన్నీ పట్టుకోవచ్చు. ఇది సీజ్ చేయడం. అక్కడితో ఆ బండి సర్కారుది అయిపోదు. అసిస్టెంట్ కన్జర్వేటర్ స్థాయికి తగ్గని అధీకృత అధికారి ముందు దాన్ని పెట్టాలి, ఆయన యజమానికి రాతపూర్వకంగా నోటీసు ఇవ్వాలి, జవాబు తీసుకోవాలి, వినాలి, ఆ తర్వాత జప్తు చేస్తూ ఉత్తర్వు ఇవ్వాలి. లేదా బండి వదిలేయాలి. సీజుకూ జప్తుకూ మధ్య ఉన్న ఈ కాలంలోనే మేం 14 నెలలుగా ఉన్నాం. ఊళ్లో మాత్రం మొదటి రోజే "వాళ్ల ట్రాక్టరు జప్తయింది" అన్నారు. ఇప్పుడు ఊళ్లో వాళ్లదే నిజమైనట్టుంది.

కోర్టుకు పోతే సరిపోతుందిగా అని మొదట్లో నేనూ అనుకున్నాను. పోలీసు స్టేషన్‌లో పడి ఉన్న బండ్ల విషయంలో సుప్రీంకోర్టు 2002లోనే గట్టిగా చెప్పింది. ఫోటోలు తీసుకోండి, పంచనామా రాసుకోండి, బాండు, పూచీకత్తు తీసుకుని బండి ఇచ్చేయండి, స్టేషన్లలో ఏళ్ల తరబడి ఉంచి లాభం లేదు అని. క్రిమినల్ కేసులు ఎలా నడపాలో చెప్పే, 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన కొత్త నాగరిక్ సురక్షా సంహితలో 497వ సెక్షన్ ఇంకా స్పష్టంగా ఉంది. ఆస్తిని కోర్టు ముందు పెట్టిన 14 రోజుల్లో దాని వివరాల పట్టిక తయారు కావాలి, ఫోటోలు తీయాలి, అవి అయిన 30 రోజుల్లో ఆ ఆస్తిని ఏం చేయాలో కోర్టు చెప్పాలి. ఇది చదివి నేను సంబరపడ్డాను. మా వకీలు గారు నవ్వి, "అది నీకు వర్తించదయ్యా" అన్నారు.

అటవీ చట్టం కింద జప్తు ప్రక్రియ మొదలైన బండిని వదిలే అధికారం మేజిస్ట్రేటుకు ఉండదని కర్ణాటక కేసులో సుప్రీంకోర్టు అదే 2002లో చెప్పిందట. అంతకు రెండేళ్ల ముందు, 2000లో, ఇంకో కర్ణాటక కేసులో, అటవీ నేరంలో పట్టుబడ్డ బండిని మామూలుగా కేసు మొత్తం తేలేదాకా ఇవ్వకూడదని, ఏదైనా ప్రత్యేక కారణంతో ఇవ్వాల్సి వస్తే కనీసం బ్యాంకు గ్యారంటీ తీసుకోవాలని చెప్పిందట. ఇంకా వెనక్కి పోతే, ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన కేసులోనే 1985లో, క్రిమినల్ కేసు వేరు, జప్తు వేరు, ఒకదాని కోసం ఒకటి ఆగనక్కర్లేదు అని తేల్చింది. ఆ తీర్పుల వెనక కారణం నాకు అర్థమైంది. అడవి పోతే మళ్లీ రాదు. బండి వెంటనే చేతికొస్తే మళ్లీ అదే బండి అదే అడవికి పోతుందన్న భయం ఉత్తదేం కాదు.

ఒక్కటి మాత్రం విచిత్రంగా అనిపించింది. వన్యప్రాణుల చట్టం కింద పట్టుబడ్డ బండిని విచారణ సాగుతుండగా వదిలే అధికారం మేజిస్ట్రేటుకు ఉందని 2008లో మధ్యప్రదేశ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిందట. అంటే దుప్పిని కొట్టిన కేసులో దొరికిన జీపుకు కోర్టు గడప ఉంది, నాలుగు దుంగలు మోసిన ట్రాక్టరుకు లేదు. చట్టాలు వేరు కాబట్టి అలా అయిందని వకీలు గారు అన్నారు. అయ్యే ఉంటుంది.

నా లెక్క ఏమిటంటే, మేజిస్ట్రేటు దగ్గరికి పోవద్దని చట్టం చెప్పాక మాకు మిగిలిన న్యాయస్థానం మీరే. బండి పట్టుకున్నదీ మీ శాఖే, దాని గురించి తీర్పు చెప్పేదీ మీ శాఖే. అందులో దురుద్దేశం ఉందని నేననను, చట్టమే అలా పెట్టింది. కానీ రెండు పనులూ ఒక్క చోటే ఉన్నప్పుడు ఆలస్యం కూడా ఒక తీర్పే అవుతుంది. మీరు జప్తు చేస్తూ ఉత్తర్వు ఇస్తే మేం జిల్లా కోర్టుకు అప్పీలుకు పోవచ్చు. ఉత్తర్వే ఇవ్వకపోతే దేని మీద పోవాలి? మీ ఆఫీసులో ఫైలు కదలకుండా ఉన్నంత కాలం మేం గెలిచినట్టూ కాదు, ఓడినట్టూ కాదు.

ఇక అసలు సంగతికి వస్తాను. బండి పట్టుకున్న మర్నాడే నన్ను పిలిచి ఒకాయన మర్యాదగానే చెప్పారు. "కాంపౌండ్ చేసుకో అన్నా, పైసలు కట్టు, రాసిచ్చి బండి తీసుకపో. లేకుంటే ఎప్పుడొస్తదో మాకే తెల్వదు." కాంపౌండింగ్ చట్టంలో ఉన్నదే. 44వ సెక్షన్‌లోనే ఆ మాట ఉంది, నేరం చేసిన మనిషి రాజీకి ఒప్పుకుంటూ రాసిస్తే అధీకృత అధికారి దాకా పోనక్కర్లేదు అని. చిన్న నేరాలకు అది మంచి పద్ధతే. కానీ నేను ఏం రాసివ్వాలి? నాకు తెలియకుండా జరిగిన పనికి, నా పేరో మా అమ్మ పేరో పెట్టి, నేరం మాదే అన్నట్టు రాసివ్వాలి. రేపు ఇంకోసారి ఎవడైనా ఏదైనా ఎక్కిస్తే "వీళ్ల మీద పాత కేసుంది" అంటారు. మా అమ్మ వేలిముద్ర వేయనంది. చదువు రాకపోయినా అలాంటి కాగితం వాసన ఆమెకు తెలుస్తుంది.

మేం ఒప్పుకోలేదు. అందుకు 14 నెలలు. మాతో పాటే అదే వారంలో ఇంకో ఆటో దొరికింది, దాని యజమాని కాంపౌండ్ చేసుకుని మూడో రోజు తీసుకుపోయాడు. అతను నాకన్నా పెద్ద దొంగ అనీ అనను, నేను అతని కన్నా నిజాయతీపరుణ్ణి అనీ అనను. అతనికి రోజువారీ కిరాయి ఆగకూడదు, అంతే. తాత్కాలికంగా బండి వదిలే దారి మూసేసినచోట నేరం ఒప్పుకోవడమే అన్నిటికన్నా చౌక బేరం. ఇది మీరు కోరుకున్నది కాదని నాకు తెలుసు. కానీ కింద జరుగుతున్నది ఇదే.

నోటీసు అయిదో నెలలో వచ్చింది, ఇంగ్లీషులో. మా అమ్మకు తెలుగే చదవడం రాదు, నాకు ఇంగ్లీషు కూడబలుక్కుంటే వస్తుంది. జవాబు వకీలు గారు రాశారు. ఎనిమిదో నెలలో హియరింగు. ఆర్సీ అమ్మ పేరున ఉంది కాబట్టి ఆమే రావాలన్నారు. పట్టా పాసుబుక్కు ఆమెది కాబట్టి లోనూ ఆమె పేరు మీదే, బండీ ఆమె పేరు మీదే. రెండు బస్సులు మారి పోయాం. పొద్దున పదింటి నుంచి మూడింటి దాకా బెంచీ మీద కూర్చున్నాం. లోపల సారు మంచిగానే మాట్లాడారు.

"అమ్మా, మీ డ్రైవరు అడవికి పోతుంటడని మీకు తెలుసా?"

"అడివి ఎటు పోయింది సారూ, మా ఇంటెనుకనే ఉన్నది. పెరట్లకు పోయినా అడివికి పోయినట్టే."

సారు కూడా నవ్వారు. రాసుకున్న కాగితంలో ఆ జవాబు ఎలా పడిందో నాకు తెలియదు. తర్వాత ఆయన అసలు ప్రశ్న అడిగారు, బండి అలా వాడకుండా మీరేం జాగ్రత్త తీసుకున్నారు అని.

ఇక్కడ నేను నిజం మాట్లాడాలి. చట్టంలో మాకు దొరికే ఒకే ఒక్క ఆసరా ఏమిటంటే, యజమానికి తెలియకుండా, సహకారం లేకుండా బండి వాడారని రుజువు చేస్తే జప్తు చేయకూడదు. కానీ ఆ రుజువు యజమాని ఒక్కడి గురించి చేస్తే చాలదు. అతని ఏజెంటు, బండి ఎవరి చేతిలో ఉందో ఆ మనిషి, వీళ్లందరికీ తెలియదని, ప్రతి ఒక్కరూ తగిన జాగ్రత్తలు తీసుకున్నారని చూపించాలి. బండి చేతిలో ఉన్న మనిషి అంటే డ్రైవరే. దుంగలు ఎక్కించిందే వాడైతే వాడికి తెలియదని నేను ఎలా రుజువు చేయగలను? అంటే చివరికి మా ట్రాక్టరు జప్తు కావచ్చు. నేను దానికి సిద్ధపడే ఈ లేఖ రాస్తున్నాను. చట్టం అదే అంటే అదే కానివ్వండి, జిల్లా కోర్టులో చూసుకుంటాం. నేను అడిగేది తీర్పు నాకు అనుకూలంగా ఇవ్వమని కాదు, ఆ తీర్పు వచ్చేలోపు బండిని చంపొద్దని.

తగిన జాగ్రత్త అంటే ఏమిటో కూడా ఎక్కడా రాసి లేదు. నోటితో చెప్పాం, "అడవి సరుకు ఎక్కించకు" అని. అది జాగ్రత్త కాదా? డ్రైవరుతో కాగితం రాయించుకోవాలా, బండికి జీపీఎస్ పెట్టాలా, రాత్రి తాళం మా దగ్గరే ఉంచుకోవాలా? మీ శాఖ ఒక పేజీ తెలుగులో అచ్చేసి అడవి అంచు ఊళ్లలో పంచాయతీ గోడకు అతికిస్తే రేపటి నుంచి ఏ ట్రాక్టరు యజమానీ 'నాకు తెలియదు' అనలేడు. మీకూ అది మంచిదే.

ఇప్పుడు బండి పరిస్థితి చెప్తాను. నెలకోసారి పోయి చూసి వస్తాను, లోపలికి రానిస్తారు, పాపం కాదనరు. బ్యాటరీ మూడో నెలలోనే చచ్చింది. ట్యాంకులో సగానికి పైగా ఉన్న డీజిల్ లేదు. ఎవరు తీశారని అడగను, ఎండకు ఆవిరైంది అనుకుంటాను. వెనక టైర్లు ఎండకు పగుళ్లు పట్టాయి, ముందు టైరు ఒకటి నేలకు కరుచుకుంది. ఎలుకలు వైరింగు కొరికాయి. సైలెన్సర్‌లో కందిరీగలు గూడు పెట్టాయి. ట్రాలీ అడుగు రేకు తుప్పుపట్టి వేలు పెడితే పొరలు పొరలుగా లేస్తోంది. బానెట్ మీద అంటించిన సమ్మక్క సారలమ్మ స్టిక్కరు మాత్రం అలాగే ఉంది, రంగు వెలిసినా మొహాలు తెలుస్తున్నాయి. మా ట్రాక్టరు పక్కన మోటారు సైకిళ్లు తొమ్మిది, ఆటోలు రెండు, నంబరు ప్లేటు లేని వ్యాను ఒకటి, సైకిళ్లు ఎన్నో లెక్క తెలియదు. సైకిల్ మీద దుంగ మోసినవాడు దాని కోసం మళ్లీ ఏం వస్తాడు.

ఈ 14 నెలల్లో మిరుగం ఒకటి పోయింది. సొంత ట్రాక్టరు ఉండి కిరాయికి దున్నించుకున్నాం. ట్రాక్టరు లోనుకు ఆరు నెలలకో కిస్తు, 68 వేలు. మొదటిది రెండు బర్రెలను అమ్మి కట్టాను. రెండోది అప్పు తెచ్చి కట్టాను. కిస్తు ఆలస్యమైనప్పుడు ఫైనాన్సు కుర్రాడు వచ్చి బండి చూపించమన్నాడు. రేంజి ఆఫీసుకు తీసుకుపోయాను. గేటు బయట నిలబడి, వెనక ట్రాక్టరు పడేలా సెల్ఫీ తీసుకుని వాళ్ల మేనేజరుకు పంపాడు. "అన్నా, నీ బండి మస్తు సేఫ్ ఉన్నది" అన్నాడు. ఏడవాలో నవ్వాలో తెలియలేదు.

బండి ఇలా తుప్పుపట్టడం వల్ల మీకేమైనా లాభం ఉందా అంటే అదీ కనిపించదు. రేపు మీరు గెలిచి వేలం వేస్తే పాత ఇనుము ధర వస్తుంది. నేను గెలిచి ఇంటికి తెచ్చుకుంటే లక్షన్నర పెట్టి బాగుచేయించాలి. 44వ సెక్షన్‌లో పశువులను కూడా పట్టుకోవచ్చని ఉంది కదా. ఎద్దును తెచ్చి కట్టేస్తే మీవాళ్లు తప్పకుండా గడ్డి వేస్తారు, నీళ్లు పెడతారు, రెండో రోజుకే ఇది మనకెందుకని సారుకు ఫోన్ చేస్తారు. ట్రాక్టరు అరవదు, అదే దాని కర్మ.

ఎడ్లబండ్ల కాలంలో బ్రిటిష్ వాళ్లు రాసిన 1927 భారత అటవీ చట్టంలో 53వ సెక్షన్ ఒకటి ఉంది. రేంజరు స్థాయికి తగ్గని అధికారి యజమానితో బాండు రాయించుకుని, పిలిచినప్పుడు మేజిస్ట్రేటు ముందు తెచ్చిపెట్టాలనే షరతు మీద పనిముట్లను, పడవలను, బండ్లను, పశువులను వదలొచ్చు. మనకు వేరే చట్టం ఉంది కాబట్టి అది ఇక్కడ నడవదని తెలుసు. అయినా చెప్పడం ఎందుకంటే, తాత్కాలికంగా వదలడం అనేది నిన్న మొన్న వకీళ్లు పుట్టించిన కోరిక కాదు. అడవిని గట్టిగా తమ గుప్పిట్లో పెట్టుకున్న తెల్లవాళ్లకే అందులో తప్పు కనిపించలేదు.

బ్యాంకు గ్యారంటీ సంగతి. సుప్రీంకోర్టు కనీసం అది ఉండాలంది కాబట్టి వద్దని నేను అనను. ఎంతకు అన్నదే ప్రశ్న. మేం బండి పట్టుకున్న నెలలోనే తాత్కాలిక విడుదల కోసం దరఖాస్తు పెట్టాం. దానికి ఈరోజు దాకా అవుననీ లేదు, కాదనీ లేదు. ఆఫీసులో అడిగితే నోటి మాటగా "ఎనిమిది లక్షల గ్యారంటీ అడుగుతరేమో" అన్నారు. అది కొత్త ట్రాక్టరు, ట్రాలీ కలిపి షోరూమ్ ధర. మా బండికి ఇన్సూరెన్సు వాళ్లు కట్టిన విలువ 4 లక్షల 60 వేలు. బ్యాంకు ఊరికే గ్యారంటీ ఇవ్వదు, అంత డబ్బూ లేదా దానికి దగ్గర్లో ఫిక్స్‌డ్ డిపాజిట్ పెట్టమంటుంది. నిజమైన స్మగ్లరుకు అది ఒక లోడు సరుకు డబ్బు, సాయంత్రానికి కట్టేస్తాడు. మాలాంటి వాడు ఆగిపోతాడు. గ్యారంటీ ఎక్కువ పెడితే దొంగలు ఆగుతారనుకుంటే, ఆ జల్లెడ తిరగేసి పట్టుకున్నట్టే. మోటారు వెహికల్ ఇన్‌స్పెక్టరుతో విలువ కట్టించండి, లేదా ఇన్సూరెన్సు కాగితంలో ఉన్న విలువ తీసుకోండి. దానికి గ్యారంటీ నేను తెస్తాను, చేను కుదువ పెట్టయినా.

షరతులు ఎన్ని పెట్టినా సంతకం చేస్తాం. బండి అమ్మకూడదు, పేరు మార్చకూడదు అని రవాణా శాఖ రికార్డులో రాయించండి. రంగు మార్చొద్దు, పిలిచినప్పుడు తెచ్చి నిలబెట్టాలి అనండి. మా ఖర్చుతో జీపీఎస్ పెట్టించి, పాస్‌వర్డ్ మీ దగ్గర ఉంచుకోండి. రాత్రి పూట అడవి రోడ్డు ఎక్కితే గ్యారంటీ డబ్బు సర్కారుకు జమ అని రాయండి. రెండోసారి అదే బండి దొరికితే ఈ సౌకర్యం ఉండదనండి, అందులో అన్యాయం ఏమీ లేదు. శేషాచలంలో ఎర్రచందనం నరికి, ముందొక పైలట్ కారు, వెనకొక లోడు బండి పెట్టుకుని పోయే ముఠాలనూ మమ్మల్నీ ఒకే గాటన కట్టకుండా ఉంటే చాలు. వాళ్లకు ఇవ్వకపోతే ఇవ్వమని రాయండి, కారణం చెప్పండి. నాకు ఇవ్వకపోయినా కారణం రాయండి. ఆ కాగితం పట్టుకుని పైకి పోతాం. ఇప్పుడు ఆ కాగితం కూడా లేక, హైకోర్టులో రిట్ వేయడమే దారి అంటున్నారు వకీలు గారు. రిట్ వేస్తే ఏమొస్తుందని అడిగాను. ఎక్కువగా "ఆ దరఖాస్తును పరిశీలించండి" అని మీకే చెప్తారట. నేను పెట్టిన దరఖాస్తును చూడమని మీకు చెప్పించడానికి నేను హైదరాబాద్ పోయి ఫీజు కట్టాలి.

అందుకే అడుగుతున్నాను. తాత్కాలిక విడుదల దరఖాస్తు వస్తే 30 రోజుల్లో ఏదో ఒకటి రాసి, తెలుగులో, చేతికివ్వమని మీ డివిజన్లన్నిటికీ ఒక సర్క్యులర్ పంపండి. కోర్టులకు కొత్త చట్టం పెట్టిన గడువు మీకు వర్తించకపోవచ్చు, కానీ మీరే పెట్టుకుంటే అడ్డేముంది. బండి పట్టుకున్న రోజే బ్యాటరీ, టైర్ల నంబర్లు, మీటర్ రీడింగు, ట్యాంకులో డీజిల్, ఫోటోలతో సహా రాసి యజమానికి ఒక కాపీ ఇవ్వమనండి. అది ఉంటే రేపు డీజిల్ గురించి నేనూ మాట్లాడను, మీ సిబ్బంది మీద ఎవరూ నోరు పారేసుకోరు. ఆఖరి ఉత్తర్వుకు కూడా ఒక తేదీ ఉండాలి. అది ఎన్ని నెలలో మీరే తేల్చండి, నేను చెప్తే నా స్వార్థం అంటారు.

మీ సిబ్బంది కష్టం తెలియక రాయడం లేదు. 2019 జూన్‌లో సార్సాలలో మొక్కలు నాటించడానికి వచ్చిన మహిళా రేంజి అధికారిని కర్రలతో కొట్టిన వీడియో మా జిల్లాలో చూడని ఇల్లు లేదు. ఆమె ఎక్కి నిలబడ్డది కూడా ట్రాక్టరే. 2022 నవంబరులో భద్రాద్రి కొత్తగూడెం జిల్లాలో విధుల్లో ఉన్న రేంజి అధికారిని చంపేశారు. ఆ వార్త వచ్చిన రాత్రి మా ఊరి బీట్ ఆఫీసర్ ఇంటికి పోయి కాసేపు కూర్చుని వచ్చాను. ఇలాంటి చోట పని చేసేవాళ్లకు బండి పట్టుకోవడమే చేతిలో ఉన్న పెద్ద ఆయుధం, దాన్ని మొండి చేయమని ఎవరూ అడగరు. కానీ ఎవరి బండి అయినా ఒకటే, ఎప్పటికీ రాదు అన్న పేరు ఊళ్లలో పడ్డాక, బండి ఆపమంటే ఆపేవాడు కూడా ఆపడు. ఆపకుండా మీద నుంచి పోనిస్తాడు. టార్చిలైటుతో అడ్డంగా నిలబడ్డ ఆ పిల్లవాడి కోసమైనా ఈ సంగతి ఆలోచించండి.

మా అమ్మ మాత్రం ఇవేమీ మాట్లాడదు. ఆమెకు కావలసింది టూల్ బాక్సు. అందులో మా నాన్న వాడిన స్పానర్ల సెట్టు ఉంది, బండితో పాటే లోపల ఉండిపోయింది. దానికి కూడా అర్జీ పెట్టాలా అని అడుగుతోంది.

ఇంకొకటి. ఈ నెల 28తో ట్రాక్టరు ఇన్సూరెన్సు అయిపోతుంది. ప్రీమియం కట్టాలా, వద్దా? కట్టి బండి మీదే అయిపోతే డబ్బు దండగ. కట్టకపోతే, రేపు మీరు వదిలినా రోడ్డెక్కించలేను. ఆ ఒక్క ముక్క 28 లోపు చెప్పినా చాలు.

ఇట్లు,
ఒక ట్రాక్టరు యజమానురాలి కొడుకు,
ఉమ్మడి ఆదిలాబాద్ జిల్లా